ఎర్రతారకు లెక్క ఉంది, మూఢానికి లేదు

హేతువాదుల మీద విసరడానికి నమ్మకస్తులకు ఇన్నాళ్లూ పురాణాలే ఉండేవి. ఇప్పుడు ఇంగ్లీషు నవలలు కూడా తోడయ్యాయి. మూఢంలో పెళ్లి ఎందుకు చెయ్యకూడదో చెప్పమని అడిగితే, మా బంధువుల కుర్రాడొకడు, సాఫ్ట్‌వేర్ ఉద్యోగి, ఇచ్చిన జవాబు ఇది: “బాబాయ్, మీరు పెర్న్ నవలలు చదివారు కదా. అక్కడ ఎర్రతార వస్తుందని పెద్దవాళ్లు పాటలు కట్టి మరీ చెప్పారు. ప్రభువులంతా నవ్వారు. చివరికి తార వచ్చింది, నవ్వినవాళ్లు తలలు పట్టుకున్నారు. మన పెద్దలు చెప్పినదాంట్లో కూడా అలాంటిదేదో ఉండొచ్చుగా? మీరు అచ్చం ఆ ప్రభువుల్లా మాట్లాడుతున్నారు.”

తెలివైన వాదనే. వేదాల్లో విమానాలున్నాయనే వాదన కంటే చాలా నయం. పైగా దీని అడుగున ఉన్నది మనందరికీ రోజూ ఎదురయ్యే మాటే: “పెద్దలు ఊరికే చెప్పరు, ఒకవేళ నిజమైతే?” కాబట్టి దీనికి కాస్త తీరిగ్గా జవాబు చెప్పాలి. అసలు ఆ నవలల్లో ఏముందో ముందు చూద్దాం.

పెర్న్ కథ

ఆన్ మెకాఫ్రీ (1926-2011) అనే అమెరికన్ రచయిత్రి 1967లో ‘అనలాగ్’ పత్రికలో ‘వెయిర్ సెర్చ్’ అనే కథ రాసింది. దానికి 1968లో హ్యూగో బహుమతి వచ్చింది. కథాసాహిత్యంలో ఆ బహుమతి అందుకున్న మొదటి మహిళ ఆమే. అదే ఏడాది ఆ కథతో కలిపి ‘డ్రాగన్‌ఫ్లైట్’ నవల వచ్చింది, తర్వాత అదొక పెద్ద నవలామాలిక అయింది. డ్రాగన్లు ఉన్నాయి కాబట్టి పుస్తకాల షాపులో ఫాంటసీ అరలో పెడతారు. కాదు, సైన్స్ ఫిక్షనేనని ఆమె గట్టిగా చెప్పేది.

పెర్న్ ఒక గ్రహం, రుక్‌బాట్ అనే నక్షత్రం చుట్టూ తిరుగుతుంది. ఆ నక్షత్రాన్ని ఆమె కల్పించలేదు, మన ఆకాశంలో ధనూరాశిలో నిజంగానే ఉంది. ఎక్కణ్ణుంచో దారితప్పి వచ్చి ఆ నక్షత్రానికి చిక్కుకున్న ఇంకో గ్రహం ఎర్రతార. అది సాగదీసిన కోడిగుడ్డు లాంటి కక్ష్యలో తిరుగుతూ సుమారు 250 ఏళ్లకొకసారి పెర్న్‌కు దగ్గరగా వస్తుంది. వచ్చినప్పుడు 50 ఏళ్లపాటు ఆకాశం నుంచి వెండిదారాల్లాంటి బీజాలు రాలతాయి. అవి తాకిన చెట్టూ చేమా, గొడ్డూ గోదా, మనిషీ అంతా స్వాహా. రాయినీ లోహాన్నీ మాత్రం ఏమీ చెయ్యలేవు, నీళ్లలో పడితే చస్తాయి. ఆ 50 ఏళ్లను ‘పాస్’ అంటారు, తర్వాతి 200 ఏళ్లను ‘విరామం’ అంటారు. ఏడాదిని ‘టర్న్’ అంటారు. పెర్న్ చరిత్రంతా ఈ లెక్కలోనే నడుస్తుంది. మనం ఫలానా శకం అన్నట్టు వాళ్లు ఫలానా పాస్ అంటారు.

ఈ దారాలను గాల్లోనే కాల్చెయ్యడానికి డ్రాగన్ల దళాలుంటాయి. డ్రాగన్లు ఒక రకం రాయిని నమిలి నిప్పు కక్కుతాయి. ఆ దళాలుండే చోటు పేరు వెయిర్. వాటిని పోషించేది ‘హోల్డ్’ అనే జాగీర్ల ప్రభువులు. పండినదాంట్లో వాటా వెయిర్‌కు పంపాలి. హోల్డ్ చుట్టుపక్కల పచ్చిక కూడా మొలవనివ్వకూడదు, దారం పడితే అక్కడే వేళ్లూనుకుంటుంది.

రక్షణ శాఖ పద్దుల్లో ఉద్యోగకాలమంతా గడిపినవాణ్ణి, ఈ ఏర్పాటు చదవగానే నాకు మొదట కనిపించింది బడ్జెట్టే. 200 ఏళ్ల తర్వాత వచ్చే శత్రువు కోసం ఈ ఏడాది ధాన్యం ఎవడిస్తాడు? ఇచ్చినవాడు చూడడు, వాడి మనవడూ చూడడు. ‘డ్రాగన్‌ఫ్లైట్’ మొదలయ్యేనాటికి ఇంకో చిక్కు కూడా వచ్చి పడింది. మధ్యలో ఒక విడత ఎర్రతార తగినంత దగ్గరకు రాలేదు. దారాలు పడక 400 ఏళ్లయింది. ఆరు వెయిర్లలో ఐదు ఖాళీ. ప్రభువులు వాటా పంపడం మానేశారు. హోల్డ్ గుమ్మాల దాకా గడ్డి పెరిగింది. అప్పుడు ఎర్రతార మళ్లీ వచ్చింది.

నవ్వినవాడు, వల్లించినవాడు, లెక్క చూసినవాడు

మావాడు కథలో ఇద్దర్నే చూశాడు. నమ్మినవాడు గెలిచాడు, నవ్వినవాడు ఓడాడు. కథలో ఉన్నది మాత్రం ముగ్గురు.

మొదటివాడు ప్రభువు. వాడి వాదన: “మా తాత చూడలేదు, మా నాన్న చూడలేదు, నేనూ చూడలేదు, కాబట్టి లేదు.” దీన్ని హేతువాదం అనుకునేవాళ్లు మన సభ్యుల్లో కూడా ఉన్నారు, అందుకే గట్టిగా చెబుతున్నాను. ఇది బద్ధకం. వాటా ఎగ్గొట్టడానికి దొరికిన సాకు. ఆ ప్రభువు ఒక్క రాత్రి కూడా మేలుకుని ఆకాశం చూడలేదు, ఒక్క పాత పత్రం తిరగెయ్యలేదు. వాణ్ణి మన పక్షాన జమకట్టడానికి నేను ఒప్పుకోను.

రెండోవాడు ఆర్‌గుల్. మిగిలిన ఒక్క వెయిర్‌కూ ఫ్లార్ కంటే ముందు నాయకుడు. సంప్రదాయం అంటే ప్రాణం పెడతాడు. పాటలన్నీ కంఠస్థం, నియమాలన్నీ పాటిస్తాడు. అయితే ఏ నియమం ఎందుకొచ్చిందో తెలియదు. రాణి డ్రాగన్లు ఎగరకూడదంటాడు. ఎందుకు? ఆచారం. నిజానికి పూర్వం రాణి డ్రాగన్లు కూడా యుద్ధంలోకి దిగేవి. వల్లించి వల్లించి సంప్రదాయాన్ని తలకిందులు చేసింది ఆ సంప్రదాయ రక్షకుడే.

మూడోవాడు ఫ్లార్. ఇతన్నే మావాడు నమ్మకస్తుడు అనుకున్నాడు. ఫ్లార్ ఏం చేశాడో చూడండి. శిథిలమైన చర్మపత్రాలు ముందేసుకుని, ఎక్కడ ఎప్పుడు దారాలు పడ్డాయో ఏరి, వరస కట్టి, పట్టిక వేశాడు. కొండ మీద పూర్వీకులు నిలబెట్టిన కంటిరాయి, వేలిరాయి ఉన్నాయి. మకర సంక్రమణం నాటి తెల్లవారుజామున ఎర్రతార ఆ కంటిలో సరిగ్గా ఇమిడితే పాస్ వస్తున్నట్టు లెక్క. అతను వెళ్లి చూశాడు. ఇంకెవరైనా వెళ్లి చూడొచ్చు. ప్రభువుకూ, పనివాడికీ, ఆర్‌గుల్‌కూ ఒకే తార కనిపిస్తుంది. మంత్రోపదేశం అక్కర్లేదు, భక్తి అక్కర్లేదు.

ఇంకా ముఖ్యమైన సంగతి చెబుతాను. అనుకున్న వేళకు దారాలు పడకుండా నల్లటి నుసి రాలింది. “దైవం కరుణించింది” అని ఎవరూ అనలేదు. చలికి గాల్లోనే గడ్డకట్టి చచ్చాయని ఫ్లార్ గ్రహించి, ఎండ కాసే చోట ఏమవుతుందో చూడమన్నాడు. 1971లో వచ్చిన ‘డ్రాగన్‌క్వెస్ట్’ నవలలో ఆ పట్టికే తప్పింది. పట్టికలో లేని వేళల్లో దారాలు పడసాగాయి. ఏం చేశారు? పట్టిక రాసిన పూర్వీకులు సర్వజ్ఞులని పట్టుబట్టలేదు. పట్టిక మార్చారు. మార్చకపోతే పొలాలు పోతాయి.

ఫ్లార్‌ది విశ్వాసం కాదు, ఆడిట్. పాత పద్దును గౌరవంగా తెరిచాడు, వోచరుతో సరిచూశాడు, తేడా వచ్చిన చోట ఎర్రసిరా పెట్టాడు.

నాలుగు ప్రశ్నలు

ఆకాశంలో జరిగేదాన్ని బట్టి భూమ్మీద తేదీ పెట్టుకునే ఎవరినైనా నాలుగు ప్రశ్నలు అడగొచ్చు. అక్కణ్ణుంచి ఏం వస్తోంది? ఎప్పుడు వస్తుంది? వచ్చినప్పుడు ఏం జరుగుతుందో ఎవరు చూసి రాశారు? చెప్పినట్టు జరగకపోతే ఏం చేస్తారు?

ఎర్రతార నాలుగింటికీ జవాబు చెబుతుంది. దారాలు వస్తాయి. 250 ఏళ్లకు వస్తాయి. ప్రతి వెయిర్‌లోనూ పత్రాలున్నాయి. తప్పితే పట్టిక మారుస్తారు.

ఇప్పుడు శుక్రమూఢాన్ని అడుగుదాం. శుక్రుడు సూర్యుడి దిశలోకి వచ్చినప్పుడు ఆ వెలుగులో మన కంటికి కనపడడు. సూర్యుడికి అవతల ఉంటే రెండు మూడు నెలలు, ఇవతల ఉంటే వారం పది రోజులు. ఈ ఆట సుమారు 584 రోజులకొకసారి తిరిగి మొదలవుతుంది. గురుడికి అయితే సుమారు 399 రోజులకొకసారి, ఒక నెల చొప్పున. 2026 జనవరి 6న శుక్రుడు సూర్యుడికి అవతల వైపున ఉన్నాడు. దానికి అటూ ఇటూ కలిపి 2025 నవంబరు చివరి నుంచి 2026 ఫిబ్రవరి నడిమి దాకా మనవాళ్లు మూఢం అన్నారు.

మొదటి ప్రశ్న: శుక్రుడి నుంచి ఏం వస్తోంది? ఏమీ రావడం లేదు. అవతల ఉన్నప్పుడు సుమారు 25 కోట్ల కిలోమీటర్ల దూరంలో, ఇవతల ఉన్నప్పుడు సుమారు 4 కోట్ల కిలోమీటర్ల దూరంలో, తన దారిన తాను తిరుగుతున్నాడు. ఎదురుగా లారీ లైట్లు కొడుతుంటే పక్కన సైకిలువాడు కనపడడు. అంతమాత్రాన సైకిలువాడికి జబ్బు చేసిందంటామా? బలహీనపడింది మన చూపు. శుక్రుడికి ఏమీ కాలేదు.

రెండో ప్రశ్న: ఎప్పుడు? ఇది మాత్రం చెబుతారు, అదీ ఖగోళ గణితం చలవ. అయినా దృక్‌గణిత పంచాంగానికీ పాత పద్ధతి పంచాంగానికీ తేడా వచ్చి, పండగ ఈ రోజా రేపా అని టీవీల్లో పంతుళ్లు తగువులాడుకోవడం మామూలైపోయింది. ఒకే ఖాతాకు రెండు లెడ్జర్లు, రెండింట్లో రెండు నిల్వలు! సరిచూసి ఒకటి చేసేవాడు లేడు. పెర్న్‌లో ఇలా జరిగితే మర్నాటికి ఒక పొలం మిగలదు. ఇక్కడ ఏ తేదీ పాటించినా ఏమీ కాదు. ఏమీ కాదు కాబట్టే తగువు ఎప్పటికీ తెగదు.

మూడో ప్రశ్న: ఎవరు చూసి రాశారు? మూఢంలో చేసుకున్న పెళ్లిళ్లకు కొదవ లేదు. ముస్లింలు, క్రైస్తవులు చేసుకుంటున్నారు. రిజిస్ట్రారు ఆఫీసులో చేసుకుంటున్నారు. మన హేతువాదుల ఇళ్లలో, రాహుకాలం చూసి మరీ చేసిన పెళ్లిళ్లున్నాయి. పోల్చడానికి ఇంతకంటే సరుకేం కావాలి? ఇన్ని వందల ఏళ్లలో ఏ పంచాంగకర్త అయినా మూఢంలో జరిగిన పెళ్లిళ్లు ఇన్ని, చెడినవి ఇన్ని, మూఢం లేనప్పుడు జరిగినవి ఇన్ని, చెడినవి ఇన్ని అని నాలుగు గడుల పట్టిక వేసి చూపించాడా?

నాలుగో ప్రశ్న: చెప్పినట్టు జరగకపోతే? సుముహూర్తంలో చేసిన పెళ్లి కోర్టుకెక్కితే జాతకం సరిగా చూడలేదంటారు. జాతకం సరిగ్గా ఉంటే పుట్టిన టైము తప్పంటారు. అదీ సరే అంటే పూర్వజన్మ కర్మ. ఏ నష్టమూ ముహూర్తం ఖాతాలో పడదు. లాభాలు మాత్రం తనవి, నష్టాలన్నీ సస్పెన్స్ ఖాతాలో. ఇలాంటి పుస్తకం మీద సంతకం పెట్టే ఆడిటరు ఎక్కడా దొరకడు.

దిద్దని పట్టిక

నవల రాసినావిడ పట్టిక దిద్దించింది. మనవాళ్లు దిద్దలేదు. ఇందుకు పెద్ద సాక్ష్యం సంక్రాంతి.

సూర్యుడు ఉత్తరానికి మళ్లేది డిసెంబరు 21 లేదా 22న. గుమ్మం నీడ కొలిస్తే బడిపిల్లలకైనా తెలుస్తుంది. మనం ఉత్తరాయణ పుణ్యకాలం అని స్నానాలు చేసేది జనవరి 14 లేదా 15న. సూర్యసిద్ధాంతం వాడిన సంవత్సరం రుతువుల సంవత్సరం కంటే సుమారు 0.0165 రోజు ఎక్కువ. అంటే 60 ఏళ్లకు ఒక రోజు చొప్పున తేడా పేరుకుపోయింది. సుమారు 1,400 ఏళ్లలో మూడు వారాలు దాటింది. 1952లో భారత ప్రభుత్వం మేఘనాద్ సాహా అధ్యక్షతన పంచాంగ సంస్కరణ కమిటీ వేసింది. కమిటీ 1955లో నివేదిక ఇచ్చింది, రుతువులతో నడిచే జాతీయ శక క్యాలెండరు 1957 మార్చి 22 నుంచి అమల్లోకి వచ్చింది. అది గెజిట్‌లో ఉంది, ఆకాశవాణిలో చదివారు. ఇంట్లో గోడ మీద మాత్రం లేదు. ఫ్లార్ చెప్పినా వినని ఆర్‌గుల్‌లు ఇక్కడ ఎక్కువమంది.

ఇక రెండో సాక్ష్యం 144. 2015 గోదావరి పుష్కరాలను 144 ఏళ్లకొకసారి వచ్చే మహాపుష్కరాలని ప్రచారం చేశారు. 2025లో ప్రయాగరాజ్ కుంభమేళాకూ అదే అంకె. కూడిక, తీసివేత వచ్చిన ఎవరైనా చూడండి. పుష్కరాలు 12 ఏళ్లకొకసారి వస్తే, ప్రతి పుష్కరమూ ఏదో ఒక పుష్కరానికి 144 ఏళ్ల తర్వాతే వస్తుంది. 2015 నుంచి 144 తీస్తే 1871. 2003 నుంచి తీస్తే 1859. 2027 నుంచి తీస్తే 1883. ఏది మహా? ఏది మామూలు?

పోనీ గురుడి లెక్కైనా కుదిరిందా అంటే అదీ లేదు. గురుడు సూర్యుణ్ణి చుట్టి రావడానికి పట్టేది 12 ఏళ్లు కాదు, 11.86 ఏళ్లు. పన్నెండు చుట్లకు 142 ఏళ్ల చిల్లర. కాబట్టి 2015లో సింహరాశిలో అడుగుపెట్టిన గురుడు, సరిగ్గా 144 ఏళ్ల క్రితం దానికి సుమారు 50 డిగ్రీలు వెనక ఉన్నాడు. అంటే ఒకటిన్నర రాశి తేడా. 144 ఏళ్ల ‘అరుదైన కలయిక’లో కలవాల్సిన గురుడే హాజరు కాలేదన్నమాట. హరిద్వార్ కుంభమేళా 2010 తర్వాత 2022లో కాకుండా 2021లో, పదకొండేళ్లకే, జరిగింది ఈ చిల్లర వల్లే. అక్కడ గురుణ్ణి చూసి తేదీ దిద్దుతారు, ఇక్కడ గురుణ్ణి మరిచి 144 అంటారు. ఏది అచ్చొస్తే అది.

ఇదంతా అంకెల గొడవ కాదు. 2015 జులై 14న, ఆ పుష్కరాల మొదటి రోజు ఉదయం, రాజమండ్రిలో ఘాట్ దగ్గర తొక్కిసలాటలో 27 మందికి తక్కువ కాకుండా చనిపోయారు. 2025 జనవరి 29న ప్రయాగరాజ్ తొక్కిసలాటలో 30 మంది చనిపోయారని అధికారులే చెప్పారు. అందరూ ఒకే చోటికి, ఒకే ఘడియలో ఎందుకు తోసుకొచ్చారు? ఆ ఘడియ పోతే మళ్లీ 144 ఏళ్లదాకా రాదని వాళ్లకు చెప్పారు. పెర్న్‌లో తేదీ మనుషుల్ని కాపాడటానికి ఉంది. ఇక్కడ తేదీయే మనుషుల్ని చంపింది.

తేదీ సరైనదైతే కారణం సరైనదవుతుందా?

“గ్రహణం పంచాంగంలో రాసిన నిమిషానికే పడుతోంది కదా” అని ఇంకో వాదన వింటుంటాం. దీనికి జవాబు ఐజాక్ అసిమోవ్ 1941లోనే ‘నైట్‌ఫాల్’ అనే కథలో ఇచ్చాడు. లగాష్ అనే గ్రహానికి ఆరుగురు సూర్యులు, కాబట్టి రాత్రే ఉండదు. 2049 ఏళ్లకొకసారి మాత్రం ఆకాశంలో ఒక్క సూర్యుడు మిగిలిన వేళ గ్రహణం పట్టి చీకటవుతుంది. చీకటెరుగని జనం పిచ్చెత్తి, వెలుగు కోసం ఊళ్లు తగలబెట్టుకుంటారు. నాగరికత మళ్లీ మొదటికొస్తుంది. అక్కడొక మతశాఖ ఈ సంగతిని పవిత్రగ్రంథంలో దాచుకుంది. శాస్త్రవేత్తలు అదే సంగతిని గురుత్వాకర్షణ లెక్కల్లో కనుక్కున్నారు. తేదీ విషయంలో ఇద్దరూ ఒకటే చెప్పారు.

మరి తేడా ఏమిటి? మతశాఖ ఆత్మలు ఎగిరిపోతాయంది. శాస్త్రవేత్తలు అడ్డొచ్చేది ఒక చీకటి గోళమనీ, దీపాలు పెట్టుకోండనీ, లెక్కలు రాసి వచ్చే తరానికి భద్రపరచండనీ చెప్పారు. తేదీ ఒకటే. ఒకరి దగ్గర ఉపాయం ఉంది, ఒకరి దగ్గర భయం ఉంది. మన దేశంలో ఆర్యభటుడు క్రీ.శ. 499లోనే గ్రహణం నీడల వల్ల అని రాశాడు. పంచాంగంలో గ్రహణం నిమిషం తప్పకుండా ఉండేది గణితం వల్ల. అదే పేజీలో గర్భిణులు కదలకూడదని రాసేది రాహువు వల్ల. గణితం సంపాదించిన పరువును రాహువు పేరు మీద బదిలీ చేస్తున్నారు. నా ఉద్యోగంలో అయితే దీన్ని నిధుల మళ్లింపు అంటాం.

‘నైట్‌ఫాల్’లో ఆ మతశాఖ చివరికి అబ్జర్వేటరీ మీదికి గుంపును ఉసిగొల్పుతుంది. కథే కదా అనిపించొచ్చు. మన దేశంలో ఏం జరిగిందో చూడండి. ఖగోళ శాస్త్రవేత్త, మరాఠీలో సైన్స్ ఫిక్షన్ రాసిన జయంత్ నార్లికర్, నరేంద్ర దభోల్కర్ తదితరులు కలిసి 2008లో జ్యోతిష్కులకు పరీక్ష పెట్టారు. చదువులో మెరికల్లాంటి పిల్లల జాతకాలు 100, బుద్ధిమాంద్యం ఉన్న పిల్లల జాతకాలు 100 సేకరించారు. ఒక్కొక్కరికి 40 చొప్పున ఇచ్చి, ఏది ఎవరిదో చెప్పమన్నారు. జవాబులు పంపిన 27 మంది సగటున 46 శాతం సరిగ్గా చెప్పారు. బొమ్మా బొరుసూ వేస్తే 50 వస్తుంది. అడిగినదల్లా వోచరు చూపించమని. 2013 ఆగస్టు 20న పుణేలో, పొద్దుటి నడకకు వెళ్లిన దభోల్కర్‌ను కాల్చి చంపారు. జీవితమంతా మూఢనమ్మకాలతో పోరాడినవాడికి దక్కిన జవాబు అది.

“పాటిస్తే పోయేదేముంది?”

మావాడి చివరి అస్త్రం ఇదే. ఒకవేళ నిజమైతే లాభం, అబద్ధమైతే నష్టం లేదు కదా అని. లెక్కలవాణ్ణి కాబట్టి ఈ “నష్టం లేదు” అన్న మాటే నన్ను ఎక్కువ బాధిస్తుంది.

మూఢమున్న రెండు మూడు నెలలూ వంటవాళ్లు, భజంత్రీలు, పూలు కట్టేవాళ్లు, షామియానా కుర్రాళ్లు, ఫంక్షన్ హాలు ఊడ్చే ఆడవాళ్లు ఏం తింటారు? వాళ్లకు జీతం లేదు, రోజుకూలీ. మూఢం వెళ్లగానే ఒకే ముహూర్తానికి ఊళ్లో హాళ్లన్నీ నిండుతాయి. అద్దె పెరుగుతుంది, పూలు పెరుగుతాయి, ఆడపిల్ల తండ్రి అప్పు పెరుగుతుంది. సెలవు దొరక్క, వీసా గడువు ముంచుకొచ్చి, కుదిరిన సంబంధాలు వాయిదాపడి చెడినవి నేను ఎరుగుదును. గృహప్రవేశం ఆగితే ఒక పక్క కొత్త ఇంటి లోను వాయిదా, ఇంకో పక్క పాత ఇంటి అద్దె. ఇవన్నీ నగదు చెల్లింపులు. ఎదురుగా జమ ఏదీ?

పెర్న్ జనం వెయిర్‌కు వాటా ఇచ్చారు, నిజమే. దానికి బదులుగా కాలిపోయిన దారాలను కళ్లారా చూశారు. మనం 584 రోజులకొకసారి శుక్రుడికి వాటా చెల్లిస్తున్నాం. ఆయన ఎప్పుడూ అడగలేదు, రసీదూ ఇవ్వలేదు.

“ఒకవేళ నిజమైతే” అన్న మాటకు అడ్డూ ఆపూ ఉండదు. శుక్రుడికి పెళ్లి ఆపినవాడు శనికి ఎందుకు ఆపడు? పిల్లి ఎదురైతే ఎందుకు ఆగడు? ఆలోచన మొదలుపెట్టమని చెప్పే “ఒకవేళ” మంచిదే. వెళ్లి చూడమనాలి, లెక్కెయ్యమనాలి. ఫ్లార్ అక్కడే మొదలుపెట్టాడు. మావాడు అక్కడే ఆగిపోయాడు.

చివరి మాట: కారణం తెలిస్తే

పెర్న్ మీద నాకూ ఒక ఆడిట్ అభ్యంతరం ఉంది. 250 ఏళ్ల కక్ష్యలో తిరిగేది మన ప్లూటో అంత దూరం పోయి రావాలి. అలాంటిది లోపలికి వచ్చినప్పుడు మహా వేగంగా దూసుకుపోతుంది. 76 ఏళ్లకు వచ్చే హేలీ తోకచుక్కే 1986లో కొద్ది నెలలు కనిపించి వెళ్లిపోయింది, మళ్లీ 2061లోనే. ఎర్రతార 50 ఏళ్లు ఎలా వేధిస్తుంది? తర్వాతి నవలల్లో ఆమె వివరణ దిద్దింది. దారాలు ఎర్రతార మీద పుట్టవనీ, నక్షత్ర కుటుంబం అంచునున్న మేఘంలోంచి అది వాటిని ఈడ్చుకొస్తుందనీ రాసింది. పూర్తిగా తృప్తి కలగకపోయినా, కట్టుకథ రాసేవాళ్లకు కూడా లెక్క చెప్పాలన్న పట్టింపు ఉన్నందుకు సంతోషించాను.

1991లో వచ్చిన ‘ఆల్ ది వెయిర్స్ ఆఫ్ పెర్న్’ నవలలో పెర్న్ జనం తమ పూర్వీకులు పాతిపెట్టుకున్న కంప్యూటరును కనుక్కుంటారు. చదువుకుంటారు, లెక్కలు వేస్తారు. చివరికి పాత అంతరిక్ష నౌకల ఇంజన్లతో ఎర్రతార మీద పేలుళ్లు జరిపి దాని కక్ష్యనే జరిపేస్తారు. ఇక దారాలు పడవు. వేల ఏళ్ల వాళ్ల క్యాలెండరు, పాటలు, వాటాలు, హోదాలు అన్నింటికీ ఇక పని లేదు. పాత పద్ధతి మీద మమకారంతో అడ్డుపడినవాళ్లు ఆ నవలలోనూ ఉన్నారు. అయినా పని జరిగింది. కారణం తెలిసిన జాతి తన భయాన్ని రద్దు చేసుకోగలదు. మూఢానికి కారణమే లేదు. దాన్ని రద్దు చెయ్యడానికి అంతరిక్ష నౌక కూడా అక్కర్లేదు, గోడ మీది పంచాంగంలో ఆ గడిని కొట్టెయ్యడానికి ఒక పెన్ను చాలు.

మన సంఘం మిత్రులకు ఒక మనవి. పిల్లలు డ్రాగన్ల పుస్తకాలు చదువుతున్నారని కంగారు పడకండి. చదవనివ్వండి. చదివాక ఆ నాలుగు ప్రశ్నలూ నేర్పండి: ఏం వస్తోంది, ఎప్పుడు వస్తుంది, ఎవరు చూసి రాశారు, తప్పితే ఏం చేస్తారు. ఎర్రతారను అడిగినట్టే శుక్రుణ్ణీ, గురుణ్ణీ, రాహువునూ అడగమనండి. 2027లో గోదావరి పుష్కరాలు. అప్పుడు కూడా ఎవరో ఒకరు 144 అంటారు. పక్కనున్న పిల్లవాడి చేత 1883 అనిపించండి.